అమ్మ వేషం

సినిమా చూసి ఇంటికి వచ్చినవాళ్ళని ఎవరినైనా కదిపి చూడండి. కథానాయకుడి పేరు చెబుతారు. నాయిక కట్టిన చీర రంగు చెబుతారు. దుర్మార్గుడు చచ్చిన తీరు కళ్ళకు కట్టినట్టు వర్ణిస్తారు. "మరి అమ్మ వేషం వేసిందెవరండీ?" అని అడగండి. "ఆవిడే... ఎప్పుడూ వేస్తుందే, ఆవిడ!" అంటారు. పేరు మాత్రం నోటికి రాదు. ముఖం మటుకు సొంత మేనత్త ముఖమంత బాగా తెలుసు.

ఈ "ఎప్పుడూ వేసే ఆవిడ" అన్ని దేశాల సినిమాల్లోనూ ఉంటుంది. పాతకాలపు అమెరికా సినిమాలో ఆవిడ పేరు బ్యూలా బాండి. 1931లో మొదటి బొమ్మలో కనిపించింది మొదలు 1976లో ఆఖరి వేషం దాకా నలభై అయిదేళ్ళపాటు ఆ దేశంలో ఎందరో నాయకులకు తల్లి అయింది, కొందరికి అమ్మమ్మ అయింది, ఇంకొందరికి ఇరుగుపొరుగున ఉండే ముసలమ్మ అయింది. గమ్మత్తేమిటంటే, ఆవిడ జీవితంలో పెళ్ళి చేసుకోలేదు. ఒక్క బిడ్డనూ కనలేదు.

నేను సినిమా పండితురాలిని కాను. సాయంత్రం వంట పూర్తయిన తరువాత గంటన్నర సేపు పాత అమెరికా బొమ్మలు చూసే అలవాటు మాత్రం కొన్నేళ్ళుగా పట్టుబడింది. మొదట నాయకుల కోసమే చూశాను. రానురాను, నాయకుడి వెనక నిలబడి కాఫీ పోస్తున్న మనుషుల మీదికి నా చూపు మళ్ళింది. మనం కూడా ఆ పనిలో ఉన్నవాళ్ళమే గనుక కాబోలు!

బ్యూలా బాండి పుట్టింది 1889 మే నెల 3వ తేదీన. పెరిగింది ఇండియానా రాష్ట్రంలోని వాల్పరైజో అనే చిన్న ఊళ్ళో. ఏడేళ్ళప్పుడు ఆ ఊరి నాటకశాలలోనే మొదటిసారి రంగస్థలం ఎక్కింది. "లిటిల్ లార్డ్ ఫాంట్లరాయ్" అనే నాటకంలో ప్రధాన పాత్ర, అంటే మగపిల్లవాడి వేషం! ఆ తరువాత అదే ఊరి విశ్వవిద్యాలయంలో వక్తృత్వ కళ చదివి పట్టా పుచ్చుకుంది. ఊరూరా నాటక కంపెనీలతో తిరిగి, తిరిగి, 1925లో న్యూయార్కు మహానగరంలోని బ్రాడ్వే నాటకశాలల దాకా వచ్చేసరికి ఆవిడకి ముప్ఫై ఆరేళ్ళు. ఎల్మర్ రైస్ రాసిన "స్ట్రీట్ సీన్" అనే నాటకంలో, ఇరుగుపొరుగు వాళ్ళ గుట్లన్నీ మెట్ల మీద కూర్చుని చెప్పుకునే మిసెస్ జోన్స్ వేషం వేసి పేరు తెచ్చుకుంది. దానిని 1931లో కింగ్ విడార్ అనే డైరెక్టరు ఫిల్ముగా తీస్తూ ఆవిడనే పిలిపించాడు. అలా సినిమాలో మొదటి వేషం వేసేనాటికి ఆవిడ వయసు నలభై రెండు. కథానాయికలు పెట్టే బేడా సర్దుకునే వయసులో ఈవిడ పెట్టె విప్పుకుని దిగింది.

అందం తరిగిపోతుందనే భయం లేని ఉద్యోగం ఇదొక్కటే అనుకుంటాను. వయసు పెరిగినకొద్దీ వేషాలు పెరుగుతాయి. కాని బ్యూలా బాండికి అంత ఓపిక కూడా లేదు. వయసు వచ్చేదాకా ఆగకుండా ముందే ముసలిదైపోయింది.

ఆవిడ తెర కొడుకుల్లో అగ్రగణ్యుడు జేమ్స్ స్టూవర్ట్. ఆ పొడుగాటి, నత్తినత్తిగా మాట్లాడే నాయకుడికి ఆవిడ సినిమాల్లో నాలుగుసార్లు తల్లి అయింది. ఇద్దరికీ నిజంగా ఉన్న తేడా పందొమ్మిదేళ్ళే. అయితే ఆ నలుగురు తల్లులూ ఒకే అచ్చులో పోసిన బొమ్మలు కారు. అదే ఆవిడలోని గొప్ప.

1938లో వచ్చిన "ఆఫ్ హ్యూమన్ హార్ట్స్"లో ఆవిడ పేద పాస్టరు భార్య. కొడుకు వైద్యం చదువుకుంటానంటే ఇంట్లో ఉన్న కాస్త విలువైన వస్తువులూ ఒక్కొక్కటే అమ్మి డబ్బు పంపుతుంది. కొడుకు డాక్టరై అంతర్యుద్ధంలో సైన్యానికి సేవ చేస్తూ తల్లికి ఉత్తరం రాయడం మానేస్తాడు. చచ్చిపోయాడేమోనని ఆవిడ దేశాధ్యక్షుడు అబ్రహాం లింకనుకే ఉత్తరం రాస్తుంది. లింకను ఆ కుర్రవాణ్ణి పిలిపించి, ఎదురుగా కూర్చోబెట్టి, "ముందు మీ అమ్మకి ఉత్తరం రాయి" అని రాయిస్తాడు. దూరదేశాల్లో ఉద్యోగాలు చేస్తున్న పిల్లలున్న తల్లులెవరైనా ఈ బొమ్మ చూస్తే, మనకూ అటువంటి అధ్యక్షుడొకడు ఉంటే బాగుండునని అనుకోక మానరు.

అదే ఏడాది వచ్చిన "వివేషస్ లేడీ"లో ఆవిడ పెద్ద కాలేజీ అధ్యక్షుడి భార్య. మొగుడు గొంతు పెంచినప్పుడల్లా గుండె పట్టుకుని కుర్చీలో కూలబడుతుంది. ఆ గుండె జబ్బు ఇంట్లో గొడవ ఆపడానికి ఆవిడ కనిపెట్టిన మందని తరువాత మనకు తెలుస్తుంది. పైగా కొత్త కోడలు జింజర్ రోజర్సుతో కలిసి గంతులేసి నాట్యం కూడా చేస్తుంది. 1939లో "మిస్టర్ స్మిత్ గోస్ టు వాషింగ్టన్"లో కొద్దిసేపే కనిపించే తల్లి.

నాలుగోది 1946లో ఫ్రాంక్ కాప్రా తీసిన "ఇట్స్ ఎ వండర్‌ఫుల్ లైఫ్". అందులో ఆవిడ మొదట కడుపునిండా ప్రేమ ఉన్న తల్లి. కొడుకుకి తగిన పిల్ల ఎవరో చూచాయగా చెప్పి, భుజం పట్టి ఆ పిల్ల ఇంటి వైపు తిప్పి పంపుతుంది. చివరకు కథ మలుపు తిరిగి, ఆ కొడుకు అసలు పుట్టనే లేకపోతే లోకం ఎలా ఉండేదో దేవదూత చూపిస్తాడు. అతడు పరుగెత్తి తన ఇంటి తలుపు తడతాడు. తలుపు సందులోంచి తొంగిచూసిన ముఖం తల్లిదే. కాని ఆవిడ ఇప్పుడు పూటకూళ్ళ ఇల్లు నడుపుకునే ఒంటరి మనిషి. కళ్ళలో అనుమానం, మాటలో కరుకు. "అమ్మా" అంటే "ఎవరివయ్యా నువ్వు?" అన్నట్టు చూసి తలుపు వేసేస్తుంది. అదే ముఖం, అదే తలకట్టు. అందులోంచి ఒక్క కొడుకును తీసేస్తే ఏం మిగులుతుందో రెండు నిమిషాల్లో చూపించింది. ఆ బొమ్మలో నన్ను ఎక్కువ భయపెట్టిన ఘట్టం అదే.

ఈ వేషాలన్నిటికీ మించినది, నేను ఈ నాలుగు ముక్కలూ రాయడానికి అసలు కారణమైనది, అంతకు ముందు 1937లో వచ్చింది. దాని పేరు "మేక్ వే ఫర్ టుమారో". రేపటివాళ్ళకి దారి వదలండి అని అర్థం. డైరెక్టరు లియో మెక్కేరీ.

కథ మనకు తెలిసినదే. యాభై ఏళ్ళు కాపురం చేసిన బార్క్, లూసీ అనే ముసలి దంపతుల ఇల్లు బాంకు అప్పు కింద పోతుంది. అయిదుగురు పిల్లలు. ఇద్దరినీ కలిపి ఉంచుకోవడానికి ఎవరి ఇంట్లోనూ చోటు చాలదు. తల్లి కొడుకు దగ్గరికి, తండ్రి మూడు వందల మైళ్ళ దూరాన ఉన్న కూతురి దగ్గరికి. "కొద్ది నెలలే కదా" అంటారు. అమెరికాలో వృద్ధులకు పింఛను ఇచ్చే చట్టం 1935లో వచ్చినా, నెలనెలా డబ్బు చేతికి అందడం మొదలైంది 1940 జనవరిలో. ఈ కథ నాటికి ముసలివాళ్ళకు పిల్లలే పింఛను.

ఇందులో లూసీ వయసు డెబ్భై. వేషం వేసిన బ్యూలా బాండికి నలభై ఎనిమిది. కొడుకుగా వేసిన థామస్ మిచెల్ ఆవిడకంటే మూడేళ్ళే చిన్న! అయినా చూస్తున్నంతసేపూ ఆ అనుమానమే రాదు. రంగు పూసుకుని, తెల్లజుట్టు పెట్టుకుని, నడుం వంచితే ముసలితనం వచ్చేయదు. ముసలివాళ్ళు ఇంకొకరి ఇంట్లో ఉన్నప్పుడు ఒక కుర్చీలో ఎలా కూర్చుంటారో ఆవిడ గమనించింది. కూర్చున్నట్టే ఉంటారు, లేవమంటే లేవడానికి సిద్ధంగా ఉంటారు.

ఈ బొమ్మ నేను మా అత్తగారితో కలిసి చూశాను. ఆవిడకి డెబ్భై ఎనిమిదేళ్ళు, ఇంగ్లీషు ఒక్క ముక్క రాదు. మా మామగారు పోయిన ఏడాది అది. తెనాలి ఇల్లు అమ్మకానికి పెట్టారు. మా బావగారూ, మావారూ, మా మరిదీ ముగ్గురూ పండక్కి మా ఇంట్లో చేరారు. అమ్మ ఎవరి దగ్గర ఎన్నాళ్ళుండాలన్నది మర్నాడు తేల్చుకుందామని గుసగుసలాడుకుంటున్నారు. ఆ రాత్రి నిద్రపట్టక ఆవిడ హాల్లోకి వచ్చి నా పక్కన కూర్చుంది. నేను బొమ్మ ఆపబోతే, "ఉండనియ్యి అమ్మాయ్, ఏదో ఒకటి కదులుతూంటే పొద్దుపోతుంది" అంది. నేను ఒక్కొక్క మాటా తెలుగులో చెబుతూ వచ్చాను.

కోడలు ఇంట్లో పదిమందికీ పేకాట నేర్పి నాలుగు డబ్బులు తెచ్చుకుంటూ ఉంటుంది. అందరూ బల్లల చుట్టూ కూర్చున్నప్పుడు లూసీ ఊగే కుర్చీ కిర్రుకిర్రుమంటుంది. ఇంతలో టెలిఫోను మోగుతుంది. దూరాన్నుంచి బార్క్ మాట్లాడుతున్నాడు. ఆవిడకి ఆ సాధనం అలవాటు లేదు. మూడు వందల మైళ్ళు వినబడాలంటే అరవాలి గదా అన్నట్టు గట్టిగా మాట్లాడుతుంది. పేకాడేవాళ్ళు మొదట ముసిముసి నవ్వులు నవ్వుతారు. చలిలో జాగ్రత్తనీ, ఈ టెలిఫోనుకు పోసిన డబ్బుతో మెడకు వెచ్చటి గుడ్డ కొనుక్కోకపోయావా అనీ ఆవిడ చెబుతూ ఉంటే, ఒక్కొక్కరే ముక్కలు కింద పెట్టి తలలు వంచుకుంటారు. ఇక్కడ మా అత్తగారు నా చేతి మీద చెయ్యివేసి, "నువ్వు ఆగు. నాకు తెలుస్తూనే ఉంది" అంది. అక్కణ్ణుంచి నేను తర్జుమా మానేశాను.

తరువాత కొడుకు, తల్లిని వృద్ధాశ్రమంలో చేర్చాలని నిశ్చయించుకుని ఆ మాట చెప్పడానికి వస్తాడు. గొంతు పెగలదు. ఆశ్రమంనుంచి వచ్చిన ఉత్తరం ఆవిడ కంట అప్పటికే పడింది. అతడు నోరు తెరిచేలోగా ఆవిడే అందుకుంటుంది. తనకిక్కడ తోచడం లేదనీ, తన వయసువాళ్ళుండే ఆ ఆశ్రమంలో చేరాలని ఉందనీ తానే అడుగుతుంది. పిల్లలందరిలోకీ నువ్వంటేనే నాకు ఎక్కువ ఇష్టమని ఒక రహస్యం కూడా చెబుతుంది. ఒక్కటే కోరిక: తాను ఆశ్రమంలో ఉన్నట్టు ముసలాయనకి ఎన్నడూ తెలియకూడదు.

మా అత్తగారు చాలాసేపు మాట్లాడలేదు. తరువాత అంది: "ఆ తల్లి కొడుకు నోట ఆ మాట రానివ్వలేదు, చూశావా? వచ్చిందంటే వాడు చచ్చేదాకా మొయ్యాలి."

మర్నాడు పొద్దున్న కాఫీల దగ్గర మా బావగారు గొంతు సవరించుకున్నారు. అంతలోకే ఆవిడ, "ఒరేయ్, నేనొకటి అనుకున్నాను, మీరు కాదనకండి. ఉగాది దాకా ఇక్కడుంటాను. తరువాత నాలుగు నెలలు పెద్దాడి దగ్గర, చలికాలం చిన్నాడి దగ్గర. ఒక్కచోటే ఉంటే నాకు విసుగురా" అంది. ముగ్గురు అన్నదమ్ములూ ఒక్కసారి తేలికపడ్డారు. "నీ ఇష్టం అమ్మా" అన్నారు. నేను ఆవిడ ముఖం వంకే చూస్తున్నాను. ఒక్క కండ కదలలేదు. నలభై ఏళ్ళు ఒకే ఇంట్లో, ఒకే కిటికీ పక్కన పడుకున్న మనిషికి ఒక్కచోటే ఉంటే విసుగట! బ్యూలా బాండి కూడా ఇంత బాగా చెయ్యలేదనిపించింది.

ఆ రోజు నాకు ఆ నటి రహస్యం కొంత బోధపడింది. తల్లి అంటే కన్నీళ్ళు కార్చే మనిషి అని సామాన్యంగా సినిమాలవాళ్ళ నమ్మకం. బ్యూలా బాండి అలా అనుకోలేదు. తల్లి కన్నీళ్ళు దాచే మనిషి. అంటే ఆవిడ ఇంట్లోనే ఒక వేషం వేస్తూ ఉంటుంది, తన ముఖం మీద ఏమీ తెలియనీయకుండా పిల్లల ముఖాలు వాడకుండా చూస్తూ ఉంటుంది. నటి వెయ్యవలసింది ఆ వేషం మీద మరో వేషం. పిల్లల్ని కన్నంతమాత్రాన అది రాదు. పక్కన కూర్చుని, ఓపికగా మనుషుల్ని చూస్తే వస్తుంది.

ఆ బొమ్మ ముగింపు మార్చి సంతోషంగా ముగించమని పారమౌంట్ కంపెనీ పెద్దలు మెక్కేరీని అడిగారు. ఆయన ఒప్పుకోలేదు. దంపతులు న్యూయార్కులో ఒక్క మధ్యాహ్నం, యాభై ఏళ్ళ కిందట కొత్త పెళ్ళికొడుకూ పెళ్ళికూతురూగా దిగిన హోటలుకే వెళ్ళి గడిపి, రైలు స్టేషనులో విడిపోతారు. రైలు కదిలిపోతుంది, ఆవిడ ప్లాట్‌ఫారం మీద నిలబడి ఉంటుంది. అంతే. బొమ్మ డబ్బు చేయలేదు. మెక్కేరీ ఆ కంపెనీనుంచి బయటపడ్డాడు. ఆ ఏడాదే వేరొక కంపెనీకి తీసిన హాస్యచిత్రం "ది ఆఫుల్ ట్రూత్"కి ఆస్కారు బహుమతి ఇస్తే, మీరు తప్పు బొమ్మకి ఇచ్చారని వేదిక మీదే అన్నాడు. 2010లో అమెరికా జాతీయ చలనచిత్ర భాండారంలో దీనికి చోటు దక్కింది. ఇటువంటి ముడే ఉన్న కథ మనకూ కొత్త కాదు. 1958లో కన్నడంలో వచ్చిన "స్కూల్ మాస్టర్"నుంచి 1972లో తెలుగులో "బడిపంతులు" తీశారు. పిల్లల పంపకంలో విడిపోయిన ఆ ముసలి దంపతులుగా రామారావు, అంజలీదేవి వేశారు. రామారావుకి అప్పుడు నలభై తొమ్మిదేళ్ళు, దాదాపు బ్యూలా బాండి వయసే.

ఇక బహుమతుల మాట. ఆస్కారువారు సహాయ పాత్రధారులకు విడిగా బహుమతి పెట్టింది 1936 చిత్రాలనుంచి. ఆ మొదటి జాబితాలోనే "ది గార్జియస్ హస్సీ" అనే చిత్రానికి బ్యూలా బాండి పేరు ఉంది. రాలేదు. 1938లో "ఆఫ్ హ్యూమన్ హార్ట్స్"కి మళ్ళీ ఉంది. ఈసారి గెలిచినది ఎవరనుకున్నారు? ఫే బెయింటర్, ముందటి ఏడు ఆవిడకి కోడలుగా వేసిన నటి! అత్తాకోడళ్ళ పోటీలో ఎవరు గెలుస్తారో అమెరికాలో కూడా చెప్పనక్కరలేదన్నమాట. అన్నట్లు, ఆ రోజుల్లో సహాయ పాత్రలవాళ్ళకి అందరికీ ఇచ్చే బంగారు బొమ్మ ఇచ్చేవారు కారు, ఒక ఫలకం ఇచ్చి పంపేవారు. బొమ్మ చేతికి రావడం 1944లో మొదలైంది.

ఆవిడకి నిజంగా బాధ కలిగించినది ఫలకం పోవడం కాదు, ఒక వేషం పోవడం. స్టెయిన్‌బెక్ నవల "ది గ్రేప్స్ ఆఫ్ రాత్" ను 1940లో చిత్రంగా తీసినప్పుడు, పొట్ట చేతపట్టుకుని కాలిఫోర్నియా చేరిన ఆ రైతు కుటుంబపు తల్లి వేషం తనదేనని ఆవిడ నమ్మింది. పాత బట్టలు కట్టుకుని బేకర్స్‌ఫీల్డు ప్రాంతంలోని వలస కూలీల శిబిరాలకు వెళ్ళి, వాళ్ళ మధ్య మసలి, మాటా మన్ననా గమనించి వచ్చింది. వేషం జేన్ డార్వెల్‌కి వెళ్ళింది. ఆస్కారూ ఆవిడకే వచ్చింది. నాయకులైతే అలిగి కంపెనీ మారుస్తారు. బ్యూలా బాండి అదే ఏడాది "రిమెంబర్ ది నైట్"లో మరో తల్లిగా, "అవర్ టౌన్"లో ఇంకో తల్లిగా కనిపించింది. ఒక ఇంట్లో చోటు లేకపోతే ఇంకో ఇల్లు.

ఏళ్ళు గడిచాయి. 1971లో జేమ్స్ స్టూవర్ట్ టెలివిజనులో సొంత ధారావాహిక పెట్టుకున్నప్పుడు, అరవై మూడేళ్ళ ఆ కొడుకు కోసం ఎనభై రెండేళ్ళ ఈవిడ అయిదోసారి తల్లిగా వచ్చింది. ఇప్పుడు ముసలి వేషానికి రంగు అక్కర్లేదు.

తరువాత "ది వాల్టన్స్" అనే కుటుంబ ధారావాహికలో మార్తా కొరిన్ అనే కొండ ప్రాంతపు ముసలమ్మగా రెండుసార్లు కనిపించింది. 1976లో వచ్చిన రెండోదాని పేరు "ది పోనీ కార్ట్". తొంభై ఏళ్ళ మార్తా కొరిన్ చుట్టాల ఇంటికి వచ్చి దిగుతుంది. వంటింట్లో వేలుపెడుతుంది, అన్నిటికీ సలహా చెబుతుంది, ఇంటిల్లిపాదికీ విసుగు పుట్టిస్తుంది. తాను అడ్డు వస్తున్నానని ఆవిడకీ తెలుస్తుంది. నలభై ఏళ్ళ కిందట రంగు పూసుకుని వేసిన కథనే ఇప్పుడు సొంత ముడతలతో మళ్ళీ వేసిందన్నమాట. కాని ఈ ముసలమ్మ తలవంచుకుని కూర్చోదు. ఆ ఇంటి కుర్రవాడికి గుర్రపు బండి చేయడంలో సాయపడుతుంది, తన బ్రతుకులో తెలిసినదంతా వాడికి చెబుతుంది, ఆ తరువాతనే కన్నుమూస్తుంది.

ఆ వేషానికి 1977లో ఎమ్మీ బహుమతి వచ్చింది. అప్పటికి ఆవిడకి ఎనభై ఎనిమిదేళ్ళు. బహుమతి పేరు చూస్తే నాకు ముచ్చటేసింది. అది సహాయ నటి బహుమతి కాదు, ప్రధాన నటి బహుమతి.

1981 జనవరి 11న, తొంభై ఒకటో ఏట, బ్యూలా బాండి పోయింది. నాటికి ఆవిడ పెద్దకొడుకు జేమ్స్ స్టూవర్ట్ వయసు డెబ్భై రెండు.